పగ్గాల్లేని బండి

మొదటి రోజు

సియాటిల్ నుంచి ఫెయిర్‌బ్యాంక్స్‌కు విమానంలో మూడున్నర గంటలు. నాన్న కిటికీ పక్కన కూర్చుని దారి పొడవునా కిందికే చూశారు. కొండలు, మంచు, మళ్లీ కొండలు. "ఇంత నేల పెట్టుకుని ఒక్క చెక్క కూడా దున్నలేదేమిటమ్మా వీళ్లు?" అని రెండుసార్లు అడిగారు. అద్దంకి దగ్గర మా ఊళ్లో నలభై ఏళ్లు సేద్యం చేసిన మనిషి. ఖాళీ నేల కనిపిస్తే ఆయన చేతులు ఊరుకోవు.

అమ్మ రానంది. "చలి కోసం డబ్బు కట్టి పోయేవాళ్లను మిమ్మల్నే చూశాను" అని మనవడిని పెట్టుకుని సియాటిల్‌లో మా ఇంట్లోనే ఉండిపోయింది. నాన్నకు మాత్రం నేను చూపించిన ప్రకటన నచ్చింది. పొద్దున కుక్కల బండి, మధ్యాహ్నం మంచు మీద నడిచే మోటారు బండి, మధ్యలో భోజనం, అన్నీ ఒకే రోజు. "ఎద్దుల బండీ ట్రాక్టరూ ఒకే టికెట్టు మీదన్నమాట" అన్నారు. హాస్యమనే అనుకున్నాను.

ఫెయిర్‌బ్యాంక్స్ అలాస్కా నడిమధ్యన, ఆర్కిటిక్ వలయానికి దాదాపు 190 కిలోమీటర్లు దక్షిణాన ఉంది. 1902లో ఈ చుట్టుపక్కల బంగారం దొరకడం వల్ల పెరిగిన ఊరు. మేము వెళ్లింది ఫిబ్రవరి చివరి వారం. అప్పటికి పగలు పది గంటలకు చేరింది, రోజుకు ఆరేడు నిమిషాల చొప్పున ఇంకా పెరుగుతోంది. విమానాశ్రయం బయట నిలిపిన కార్ల మూతి దగ్గర నుంచి వైర్లు వేలాడుతున్నాయి. చలికి ఇంజను బిగుసుకుపోకుండా రాత్రిళ్లు ప్లగ్గు పెట్టి వెచ్చగా ఉంచుతారు. మా హోటలు ముందు అందుకోసం ప్లగ్గులున్న గుంజలు వరసగా పాతి ఉన్నాయి. "ఈ ఊళ్లో కార్లకు తోక ముందుంటుంది. రాత్రయితే కట్టుకొయ్యకు కట్టేస్తారు" అన్నారు నాన్న.

రాత్రి పదకొండున్నరకు ధ్రువకాంతులు కనిపించాయి. వాటి గురించి అందరూ రాస్తారు కాబట్టి నేను ఒక్క మాట చెప్పి వదిలేస్తాను: కంటికి కనిపించే పచ్చదనం ఫోనులో కనిపించేదానిలో సగం కూడా ఉండదు. నాన్న పది నిమిషాలు తల పైకెత్తి చూసి, "పొలాల మీద తెల్లవారుజామున పొగలా ఉంది, బాగుంది" అని వెళ్లి పడుకున్నారు.

రెండో రోజు

ఎనిమిదిన్నరకు వ్యాను వచ్చింది. బయట మైనస్ 27 డిగ్రీలు. మా గైడు యాభై దాటిన మనిషి, మాట తక్కువ. నాన్న కోతి టోపీని, శాలువాను ఒకసారి ఎగాదిగా చూసి, వాటిని తీయించకుండానే పైన తమ కోటు తొడిగింది. కాళ్లకు తెల్లటి లావుపాటి రబ్బరు బూట్లు ఇచ్చింది. ఒక్కొక్కటి చిన్న బిందెంత ఉంది. ఇక్కడ వాటిని బన్నీ బూట్లు అంటారు. అవి వేసుకుని నాన్న నాలుగడుగులు వేసి, "బురద చేలో నడిచినట్టే ఉంది, అలవాటే" అన్నారు.

చీనా హాట్ స్ప్రింగ్స్ రోడ్డు మీద తూర్పుగా అరగంట ప్రయాణం. చీనా ఇక్కడి నది పేరు, చైనాతో ఏ చుట్టరికమూ లేదు. దారికి రెండు పక్కలా బక్క స్ప్రూస్ చెట్లు, తాగి తూలుతున్నట్టు తలోవైపుకు ఒరిగి ఉన్నాయి. అడుగు నేల ఏడాది పొడవునా గడ్డకట్టే ఉంటుంది కాబట్టి వేళ్లు లోతుకు దిగవు. ఆ గడ్డ ఎక్కడైనా కరిగి నేల కుంగితే పైనున్న చెట్టూ ఒరుగుతుంది. టూ రివర్స్ అనే చోట ఆగాం. కుక్కల బండ్లు తోలేవాళ్లు ఎక్కువమంది కాపురం ఉండే ప్రాంతమది.

వ్యాను తలుపు తీయగానే నలభై కుక్కలు ఒక్కసారిగా అందుకున్నాయి. ఒక్కోదానికి ఒక చెక్క గూడు, గూటిలో ఎండుగడ్డి, బయట గుంజకు గొలుసు. నాన్న ముఖం చిన్నబోయింది. బొమ్మల్లో చూసినట్టు బొచ్చున్న తోడేళ్లను ఊహించుకున్నారాయన. ఇవేమో సన్నగా, పొడుగు కాళ్లతో, ఒకటి నల్లగా ఒకటి గోధుమ రంగులో, ఒకదానికి చెవులు నిక్కి ఇంకొకదానికి వాలి, మా ఊరి వీధి కుక్కలకు దూరపు చుట్టాల్లా ఉన్నాయి.

"ఇవా లాగేది?"

వీటిని అలాస్కన్ హస్కీలంటారు గానీ అది పత్రాలున్న జాతి కాదు. పల్లెల్లోని కుక్కలు, సైబీరియన్ హస్కీలు, వేటకుక్కలు కలిసి పుట్టిన సంకరం. వీటిని ఎవరూ అందం చూసి పెంచలేదు, పని చూసి పెంచారు. బరువు ఇరవై నుంచి ఇరవై అయిదు కిలోలు. మా గైడు చూసేవి మూడట: పాదం గట్టిగా ఉందా, ఆకలి బాగుందా, పరిగెత్తాలనే యావ ఉందా. పెద్ద పందెంలో పరిగెత్తే రోజుల్లో ఒక్కో కుక్క రోజుకు దాదాపు 10,000 క్యాలరీలు తింటుంది. ఇది నాన్నకు చెబితే మొదటిసారి తల ఊపారు. "తిండి తినే గిత్తే బండ లాగేది."

గొలుసులు నాకు నచ్చలేదు. ఇలా కట్టి ఉంచడాన్ని, పందేలను తప్పుపట్టేవాళ్లు అమెరికాలో చాలామంది ఉన్నారు. పందెం దారిలో కుక్కలు చనిపోయిన సంవత్సరాలూ ఉన్నాయి. ఆ మాటే నాన్నతో అంటే, "మన కొట్టంలో ఎడ్లను విడిగా వదిలామా?" అన్నారు. అది జవాబు కాదని నాకు తెలుసు. ఆయనకూ తెలుసనుకుంటాను, ఎందుకంటే ఆ తర్వాత వెళ్లి ఒక గుంజ దగ్గర మంచులో చాలాసేపు కూర్చున్నారు, ఆ కుక్క ఆయన కోతి టోపీని నాకుతూ ఉంటే.

మా బండికి ఎనిమిది కుక్కలు. ఒకే ఈతలో పుట్టిన పిల్లలకు ఒకే వరసలో పేర్లు పెట్టడం ఇక్కడి అలవాటు. మా ఎనిమిదింటిలో నాలుగు మసాలా దినుసుల ఈత: నట్‌మెగ్, క్లోవ్, పెప్పర్, జింజర్. నేను అర్థం చెప్పగానే నాన్న అక్కడికక్కడే జాజికాయ, లవంగం, మిరియం, అల్లం అని నామకరణం చేసేశారు. ఆ పేర్లతో పిలిస్తే అవి వచ్చాయి కూడా. చేతిలో ఎండుచేప ముక్క ఉండడం వల్ల కావచ్చు.

బండి కట్టడం మొదలయ్యాక నాన్న నన్ను మరిచిపోయారు. నడుమ ఒక పొడవాటి తాడు, దానికి అటూ ఇటూ జతలు జతలుగా కుక్కలు. ముందు జత దారి పట్టేవి, వాటికి తెలివి ఉండాలి. బండిని ఆనుకుని ఉన్న చివరి జతకు బలం ఉండాలి, నిదానం ఉండాలి. లాగే బరువు గొంతు మీద పడకుండా రొమ్ము మీదుగా వీపంతా పరుచుకునేలా పట్టీలు కడతారు. వేళ్ల మధ్య మంచు గడ్డలు చేరి కోసుకోకుండా పాదాలకు గుడ్డ తొడుగులు వేస్తారు. నాన్న ప్రతి పట్టీనీ వేలు దూర్చి చూశారు, బిగుతు ఎంతో తెలుసుకోవడానికి. తర్వాత నా చేత ఒక్కొక్కటే అడిగించారు.

"ముకుతాడు?"

లేదు.

"పగ్గాలు?"

లేవు.

"ములుకోల?"

అదీ లేదు.

"మరి తిప్పేది దేనితో?"

నోటితో. కుడికి తిరగాలంటే "జీ", ఎడమకు "హా", కదలడానికి "హైక్", ఆగడానికి "వో". సినిమాల్లో వినిపించే "మష్" ఇక్కడ దాదాపు ఎవరూ అనరు. జీ, హా అన్నవి కుక్కల కోసం పుట్టిన మాటలు కావు, ఎడ్లనూ గుర్రాలనూ తోలేవాళ్ల పాత మాటలు, అక్కడి నుంచే మంచులోకి వచ్చాయి అని గైడు చెప్పింది. అది తెలుగులో చెప్పేసరికి నాన్న పెద్దగా నవ్వారు. "అయితే జీ అంటే వెలపట, హా అంటే దాపట!" కాడికి కుడి పక్కన కట్టే ఎద్దు వెలపటిది, ఎడమ పక్కది దాపటిది. ఆ రెండు మాటలు నా చెవిన పడి ముప్పై ఏళ్లు దాటింది. గైడు కూడా పలకబోయి "వెలపట" దగ్గరే ఆగిపోయింది.

తోలేవారికి ఆవిడ చెప్పిన నియమం ఒక్కటే. ఏమైనా సరే చెయ్యి వదలకూడదు. పడిపోయినా వదలకూడదు. మనిషి పడిపోయాడని అవి ఆగవు.

నాన్న దుప్పటి కప్పుకుని బండిలో కూర్చున్నారు. నేను వెనక రెండు కమ్మీల మీద నిలబడ్డాను, గైడు నా పక్కనే ఒక కాలు మోపింది. ముందున్న ఎనిమిదీ గాలిలోకి ఎగురుతున్నాయి, కేకలు పెడుతున్నాయి, తాడును కొరుకుతున్నాయి. బండిని చెట్టుకు కట్టిన తాడు వీణ తీగలా బిగుసుకుని ఉంది. ఆ గోలలో గైడు ఏమంటోందో వినపడలేదు. ముడి లాగింది.

నిశ్శబ్దం.

దీనికి నేను సిద్ధంగా లేను. కదిలిన మరుక్షణం ఎనిమిదీ ఒక్కసారిగా నోరు మూశాయి. ఇక వినిపించిందల్లా బండి కమ్మీలు మంచును కోస్తున్న సన్నటి చప్పుడు, ఎనిమిది ఊపిరులు, ముప్పై రెండు కాళ్ల మెత్తటి తడబాటు. వాటి శ్వాస ఆవిరై వెనక్కి వచ్చి నాన్న కనుబొమల మీద తెల్లగా పేరుకుంటోంది. సూర్యుడు చెట్ల మొదళ్ల ఎత్తుకే వచ్చాడు. మంచు మీద మా నీడ ఎంత పొడవుగా ఉందంటే ముందున్న మిరియం నీడ చెట్లలోకి పోయి కనపడకుండా ఉంది. నోరు ఆరితే పరుగు ఆపకుండానే పక్కకు వంగి ఇంత మంచు కొరుక్కుంటాయి. పరుగు ఆపకుండానే కడుపు కూడా ఖాళీ చేసుకుంటాయి. బండిలో కూర్చున్నవారికి ఆ కబురు ముందుగా అందుతుంది. "ఎడ్లు నయం" అని దుప్పటిలో నుంచి ఒక మాట వినిపించింది.

ఒకచోట ఎగువ వచ్చింది. వేగం తగ్గింది. నేను కమ్మీల మీద హాయిగా నిలబడే ఉన్నాను. అప్పుడు చివరి జతలోని జాజికాయ మెడ తిప్పి నా వంక చూసింది. కోపం లేదు, ఫిర్యాదు లేదు, కేవలం చూసింది. గైడు నవ్వి, "దిగి తొయ్యమంటోంది" అంది. ఒక కాలు కిందపెట్టి తన్నడం మొదలుపెట్టాను. జాజికాయ ముందుకు తిరిగింది. ఆఫీసులో ఏ అధికారీ నన్ను ఇంత క్లుప్తంగా పనిలో పెట్టలేదు.

దారి చీలిన చోట నేను "హా" అన్నాను. ముందు జత కుడికి పోయింది. గైడు మళ్లీ అంది, అవి ఎడమకు తిరిగాయి. మూడోసారి చీలిక వచ్చినప్పుడు నాన్న దుప్పటి తొలగించి, చెరువు గట్టు మీద నుంచి అరిచే గొంతుతో "హా!" అన్నారు. ఎనిమిదీ ఎడమకు తిరిగాయి. ఆ తర్వాత గంటసేపు ఆయన గర్వం బండిలో పట్టలేదు.

పదహారు కిలోమీటర్లు తిరిగి వచ్చేసరికి గంటన్నర పట్టింది. పాదాల తొడుగులు విప్పడం మా పని. ముప్పై రెండు పాదాలు. నాన్న ఒక్కొక్క కాలినీ మోకాలి మీద పెట్టుకుని, తొడుగు తీసి, వేళ్ల మధ్య చూసి గానీ వదల్లేదు.

భోజనం కాన్వాసు గుడారంలో, కట్టెల పొయ్యి పక్కన. నేను తెచ్చిన పులిహోర సంచిలోనే గడ్డకట్టింది, మెతుకులు గులకరాళ్లలా రాలాయి. పొయ్యి మీద పెట్టి వెచ్చచేసి గైడుకూ పెట్టాం. పల్లీలు ఏరుకుని తింది. వేడి సూప్ తాగుతూ నాన్న అడిగిన ప్రశ్నతో మా మధ్యాహ్నం అరగంట ఆలస్యమైంది. ఇంత బాగా లాగుతుంటే ఊళ్లలో జనం వీటిని ఎందుకు వదిలేశారు?

తిండి వల్ల, అంది ఆవిడ. బండి నడిచేది చలికాలంలోనే, కుక్క తినేది మాత్రం ఏడాదంతా. ఒక బండికి సరిపడా కుక్కలను మేపాలంటే వేసవంతా నదిలో చేపలు పట్టి ఎండబెట్టాలి. మోటారు బండి నడిచినప్పుడే తాగుతుంది. 1960లలో ఆ బండ్లు పల్లెలకు రావడం మొదలయ్యాక కొన్నేళ్లలోనే కుక్కల గూళ్లు ఖాళీ అయిపోయాయి. కుక్కల బండి మీద టపా మోసిన ఆఖరి మార్గం 1963లో ఆగిపోయింది. ఇలాగే ఉంటే ఈ విద్యే పోతుందని భయపడి జో రెడింగ్‌టన్ అనే ఆయన మరికొందరితో కలిసి 1973లో పడమటి తీరంలోని నోమ్ అనే ఊరి దాకా కుక్కల బండ్ల పందెం పెట్టాడు. అదే ఇడిటరాడ్. దాదాపు 1,600 కిలోమీటర్లు, గెలిచేవారికి ఇప్పుడు తొమ్మిది రోజులు, కాస్త అటూ ఇటూ.

నాన్న సూప్ గిన్నె కింద పెట్టారు. "మన బండలాగుడే ఇది. పొలంలో పని పోయింది, పందెంలో మిగిలాయి. నాలుగు నెలల పనికి పన్నెండు నెలలు చొప్ప వేయాలని లెక్క చూసుకునే కదా నేనూ..." అని ఆపేశారు. ట్రాక్టరు కొన్నది 1994లో. నాకప్పుడు ఏడేళ్లు. బడి నుంచి వచ్చేసరికి కొట్టం ఖాళీగా ఉండడం గుర్తు.

గైడు మోటారు పక్షాన కూడా ఒక కథ చెప్పింది, ఇది నాకు తెలియదు. కెనడాలోని క్విబెక్‌లో జోసెఫ్ ఆర్మాండ్ బంబార్డియే అనే మెకానిక్ మంచు మీద నడిచే బండి కోసం కుర్రతనం నుంచి తంటాలు పడేవాడు. 1934 శీతకాలంలో అతని రెండేళ్ల కొడుకుకు కడుపులో అపెండిక్స్ జబ్బు చేసింది. దారులన్నీ మంచుతో మూసుకుపోయి ఆసుపత్రికి తీసుకెళ్లలేకపోయాడు. పిల్లవాడు దక్కలేదు. ఆ తర్వాత అతను ఆ పని వదల్లేదు. 1959లో అతని కంపెనీ ఒకరిద్దరు ఎక్కే చిన్న బండి తెచ్చింది, కుక్కల బదులు పనిచేస్తుందని "స్కీ-డాగ్" అని పేరు అనుకున్నారట. అక్షరం తప్పుపడి "స్కీ-డూ" అయిందని చెబుతారు.

అలాస్కాలో స్నోమొబైల్ అనరు, స్నో మెషీన్ అంటారు. నా లైసెన్సు చూశారు, నాన్నదీ చూశారు. ఒంగోలులో ఇచ్చిన ఆ కార్డులో ట్రాక్టరుకు కూడా అనుమతి ఉందని నేను చెబితే గైడు నవ్వి చదునైన చోట నడపనిస్తానంది. దీని గురించి చెప్పడానికి తక్కువే ఉంది. కుడి బొటనవేలితో నొక్కితే పోతుంది, ఎడమ చేత్తో పిండితే ఆగుతుంది, చేతిపిడులు లోపల నుంచి వెచ్చగా ఉంటాయి. పొద్దున గంటన్నర పట్టిన దూరం ఇరవై నిమిషాల్లో అయిపోయింది. చెట్లు కనిపించలేదు, చెట్ల వరస కనిపించింది. హెల్మెట్ లోపల పెట్రోలు వాసన, చెవుల్లో హోరు. నాకు నచ్చిందనే చెప్పాలి. పొద్దున జాజికాయ చూపు తర్వాత, ఎవరి అభిప్రాయమూ అక్కర్లేని వాహనం మీద కూర్చోవడంలో ఒక విశ్రాంతి ఉంది.

ఆ విశ్రాంతిలోనే దారి అంచు దాటాను. ఇక్కడి మంచు చలికి పొడిబారి బొంబాయి రవ్వలా ఉంటుంది, చేతిలో ముద్ద కట్టదు. కొట్టి గట్టిపరచిన దారి మీద ఉన్నంతసేపే నేల, అంచు దాటితే నడుము లోతు. బండి ఒక పక్కకు ఒరిగి ఆగిపోయింది, నేను రవ్వలో కూరుకుపోయాను. గైడు దిగి, ఏమీ అనకుండా, బండి ముందు మంచును కాళ్లతో తొక్కడం మొదలుపెట్టింది. ముగ్గురం తొక్కి, ఊపి, లాగి పైకి తెచ్చేసరికి పావుగంట. "ఎద్దయితే చేను గట్టు దిగేది కాదు" అన్నారు నాన్న ఆయాసపడుతూ. అని, తన వంతు రాగానే గడ్డకట్టిన చెరువు మీద మూడు చుట్లు పూర్తి వేగంతో తిరిగారు. నాలుగో చుట్టుకు గైడు చెయ్యి ఎత్తాల్సి వచ్చింది.

మూడో రోజు

విమానం రాత్రికి. కారు అద్దెకు తీసుకుని నైరుతి దిక్కుగా దాదాపు 90 కిలోమీటర్ల దూరంలోని నెనానాకు వెళ్లాం. పొద్దున హోటల్లో నోమ్ కథ చెప్పాక నాన్న ఆ స్టేషను చూస్తానని పట్టుబట్టారు. మేము వెళ్లిన పూట స్టేషను తలుపు మూసి ఉంది. ప్లాట్‌ఫారం మీద మంచు, మేమిద్దరం.

1925 జనవరిలో నోమ్ ఊళ్లో పిల్లలకు డిఫ్తీరియా వచ్చింది. నేను ఆ పేరు చెబితే నాన్న "కంఠసర్పి" అని సరిచేశారు, ఆయన చిన్నతనంలో మా ఊళ్లోనూ పిల్లలు దానితో పోయారు. సముద్రం గడ్డకట్టి ఓడలు లేవు, ఆ చలిలో విమానం పంపడానికి ధైర్యం చాలలేదు. మందు రైల్లో ఈ స్టేషను దాకా వచ్చింది. జనవరి 27 రాత్రి ఇక్కడి నుంచి కుక్కల బండి ఎక్కింది. ఇరవై మంది మనుషులు, సుమారు నూట యాభై కుక్కలు, చేతులు మారుతూ దాదాపు 1,085 కిలోమీటర్లు, అయిదున్నర రోజులు. అన్నిటికంటే పొడవైన, ప్రమాదకరమైన భాగం టోగో అనే కుక్క ముందుండి లాగింది. ఆఖరి భాగానికి ముందున్న బాల్టోకు పేరు వచ్చింది. అదే ఏడాది న్యూయార్కులో దానికి విగ్రహం కూడా పెట్టారు.

"తర్వాత?"

తర్వాత బాల్టోనూ దాని జట్టులో కొన్నింటినీ ప్రదర్శనల వాళ్లకు అమ్మేశారు. లాస్ ఏంజిలస్‌లో ఒక చవక వినోదశాలలో అవి చిక్కి ఉండడం చూసి క్లీవ్‌లాండ్ నుంచి వచ్చిన ఒకాయన కదిలిపోయాడు. ఆ ఊరి జనం చందాలేసి, 1927లో వాటిని కొని తమ జంతుశాలకు తెచ్చుకున్నారు.

నాన్న పట్టాల వైపు చూస్తూ కాసేపు నిలబడ్డారు. "మన భీముణ్ని మాత్రం పందేల వాళ్లు కొన్నారు. రెండేళ్లు బండ లాగాడని విన్నాను."

"మల్లిగాడు?"

"మల్లిగాణ్ని సంతలో ఇచ్చేశాను. ఎవరు కొన్నారో నేను అడగలేదమ్మా."

కారు దగ్గరకు వస్తూ ఒక కొట్లో కాఫీ తాగాం. బల్ల మీద ఎర్ర డబ్బా ఒకటి ఉంది. ఇక్కడి తనానా నది మంచు వసంతంలో ఏ రోజు, ఏ గంట, ఏ నిమిషానికి విరుగుతుందో పందెం కాసే డబ్బా అది. 1917 నుంచి ప్రతి ఏడాదీ జరుగుతోంది. వానల మీద పందేలు కాసే ఊరి నుంచి వచ్చిన మనిషికి దీన్ని వివరించాల్సిన పని పడలేదు. టికెట్టు కొని, నా పెన్ను తీసుకుని, ఏప్రిల్ 30, సాయంత్రం నాలుగు గంటల పది నిమిషాలు అని రాశారు.

"అంత కచ్చితంగా పది నిమిషాలేమిటి నాన్నా?"

"నాలుగింటికి అరక విప్పేవాణ్ని. చెరువు దగ్గరకు పోవడానికి వాటికి పది నిమిషాలు పట్టేది" అని టికెట్టు మడిచి డబ్బాలో వేశారు.